కారు అమ్మేసినా ఫాస్టాగ్ డబ్బులు కట్ అవుతుంటే
అన్నా, కారు ఒంగోలు ఆయనకి అమ్మేశారు, ట్యాగ్ అద్దం మీదే వదిలేశారు, ఇప్పుడు ఆయన టంగుటూరు టోల్ దాటినప్పుడల్లా మీ వాలెట్‌లో కట్ అవుతోంది, అంతే కదా. ముందు ఆయన మీద కోపం తెచ్చుకోబాకండి, ట్యాగ్ మీ పేరు మీద ఉన్నంతకాలం అది అట్టానే కట్ అవుద్ది.

చాలామంది మార్చొచ్చు అనుకుంటారు గానీ ఫాస్టాగ్‌ని కొన్నాయన పేరుకి మార్చడం కుదరదు, అది బండి నంబరుకీ మీ కేవైసీకీ కలిపి ఇచ్చింది కాబట్టి మీది క్లోజ్ చేయాల్సిందే, ఆయన ఆర్సీ పెట్టి కొత్తది తీసుకోవాల్సిందే. మీ ట్యాగ్ ఏ బ్యాంకు ఇచ్చిందో ఆ బ్యాంకు యాప్‌లోనో కస్టమర్ కేర్‌కో బండి అమ్మేశాను, క్లోజ్ చేయండి అని రిక్వెస్ట్ పెట్టండి, కస్టమర్ కేర్ నంబరు తెలీకపోతే హైవే హెల్ప్‌లైన్ 1033కి ఫోన్ చేసి అడగండి. మిగిలిన బ్యాలెన్స్, సెక్యూరిటీ డిపాజిట్ వెనక్కి అడిగి తీసుకోండి, అవి మీ డబ్బులే.

క్లోజ్ చేసేముందు ఆయనకి ఒక మాట చెప్పండి అన్నా, పాపం తెలీక నెల్లూరు వైపు వచ్చి వెంకటాచలం టోల్ దగ్గర ఇరుక్కుంటాడు, ట్యాగ్ పనిచేయకపోతే యూపీఐతో కట్టినా టోల్‌కి ఒకటింపావు రెట్లు కట్టాలి.

మీరు ఆ ట్యాగ్ మీద ఏడాది టోల్ పాస్ (యాన్యువల్ పాస్) తీసుకునుంటే మటుకు అది కొత్త బండికి రాదు. అన్నిటికన్నా ముఖ్యం ఆర్సీ. ఓనరు పేరు మార్చే 29, 30 ఫారాలు ఇచ్చి అందులో పేరు మారిందో లేదో ఇయ్యాలే చూసుకోండి, రేపు ఆ బండికి యాక్సిడెంట్ అయితే నోటీసు మీ ఇంటికే వస్తది.