బాచుపల్లి ఫ్లాటు, ముప్పై ఏళ్ల అప్పు

డాలస్ వచ్చి రెండేళ్లయిందని, హెచ్1బీ వీసా మీద ఉన్నామని, నాన్నగారు హైదరాబాద్ బాచుపల్లిలో 70 లక్షల ఫ్లాటు చూసి వచ్చారని రాశారు. బ్యాంకు 50 లక్షలు 8.5 శాతం వడ్డీకి ఇస్తానంది. గడువు 20 ఏళ్లకు బదులు 30 ఏళ్లు పెట్టుకుంటే ఈఎంఐ 38 వేల చిల్లరే, డాలర్లలో నెలకు ఐదు వందల లోపే, కాబట్టి ముప్పై ఏళ్లే మేలు కదా అన్నది మీ ప్రశ్న.

మేలు కాదు. ఎందుకో చెప్పాలంటే కాస్త లెక్క చూడాలి. మీ ఉత్తరంలో ఈఎంఐ గురించి చాలా ఉంది, మొత్తం ఎంత కడతారన్నది ఒక్క చోట కూడా లేదు. కొత్తగా వచ్చిన పిల్లలందరిదీ ఇదే వరస. నెల జీతంలోంచి ఎంత పోతుందో చూస్తారు, ఎన్నాళ్లు పోతుందో చూడరు.

50 లక్షలు, 8.5 శాతం, 20 ఏళ్లు. నెలకు 43,391 రూపాయలు. మొత్తం కట్టేది కోటీ నాలుగు లక్షలు, అందులో వడ్డీయే 54 లక్షలు. అదే అప్పును 30 ఏళ్లకు సాగదీస్తే నెలకు 38,446. అంటే మీకు నెలకు మిగిలేది ఐదు వేల లోపు. ఆ ఐదు వేల కోసం చివరికి కట్టేది కోటీ 38 లక్షలు, వడ్డీ 88 లక్షలు. నెలనెలా ఐదు వేల వెసులుబాటుకు 34 లక్షలు ఎక్కువ ఇస్తున్నారు. అదే 15 ఏళ్లయితే నెలకు 49,237, వడ్డీ 39 లక్షల లోపు. ఇద్దరూ ఉద్యోగాలు చేస్తున్న మీకు ఈ మూడు ఈఎంఐల మధ్య తేడా రెస్టారెంట్ల ఖర్చులో తేలిపోతుంది.

ఇంకొక సంగతి. ఇరవై ఏళ్ల అప్పులో మొదటి నెల కట్టే 43,391లో 35,417 వడ్డీకే పోతుంది. అసలుకు చేరేది ఎనిమిది వేల లోపు. ఐదేళ్లు కట్టాక చూసుకుంటే మీ చేతి నుంచి 26 లక్షలు వెళ్లి ఉంటాయి, బాకీ మాత్రం ఇంకా 44 లక్షలు ఉంటుంది. వాయిదాలో వడ్డీ కంటే అసలు వాటా ఎక్కువయ్యేది దాదాపు పన్నెండో ఏడు నిండే వేళకు. నాలుగైదేళ్లలో గ్రీన్‌కార్డు సంగతి తేలాక కావాలంటే అమ్మేస్తాం అని రాశారు కాబట్టి ఈ పేరా మళ్లీ చదవండి.

మా నాన్నగారు కూడా మొదట మీ నాన్నగారిలాగే, ఇది తక్కువ వడ్డీయే కదా అన్నారు. మా ఊళ్లో వడ్డీని నెలకు నూటికి ఇంత అని చెప్పుకునేవాళ్లు. రెండు రూపాయల వడ్డీ మామూలు, రూపాయిన్నరకు దొరికితే తెలిసినవాళ్లు ఇచ్చినట్లు. ఆ లెక్కన 8.5 శాతం అంటే నూటికి 70 పైసల వడ్డీ. వినడానికి అప్పే కాదన్నట్లు ఉంటుంది. కానీ ఊరి అప్పుకు ఒక కట్టుబాటు ఉండేది. ప్రోనోటు మూడేళ్లకు కాలదోషం పడుతుంది కాబట్టి ఆలోపు చెల్లన్నా రాయాలి, నోటన్నా తిరగరాయాలి. నోటు వెనక ఏ తేదీన ఎంత చెల్లయిందో రాసి సంతకం పెట్టేవాళ్లు. తిరగరాసినప్పుడు అసలూ వడ్డీ కలిపి ఇంత అని పెద్దమనిషి పైకి చదివేవాడు. అప్పు చేసినవాడు ఆ అంకె చెవితో వినేవాడు, ఇంటికొచ్చి భార్యకు చెప్పేవాడు. మన గృహరుణంలో అలా చదివి వినిపించేవాళ్లు ఎవరూ లేరు. ఎన్ఆర్ఈ ఖాతా (విదేశాల్లో ఉన్నవాళ్లకు ఇండియా బ్యాంకులో ఉండే రూపాయి ఖాతా) నుంచి ఐదో తారీకున డబ్బు దానంతట అదే వెళ్లిపోతుంది. ఏళ్ల తరబడి ఎవరూ చూడరు.

నేనూ చూడలేదు. 2005లో మియాపూర్‌లో ఫ్లాటు కొన్నాను. 15 లక్షల అప్పు, ఏడున్నర శాతం వడ్డీ, ఇరవై ఏళ్ల గడువు, నెలకు 12 వేల పై చిల్లర. అది ఫ్లోటింగ్ వడ్డీ, అంటే మధ్యలో మారే వడ్డీ అని కాగితంలో ఉంది, దానివల్ల ఏమవుతుందో అడగలేదు. ఆ తర్వాత వడ్డీలు పెరుగుతూ పోయి 2008 నాటికి పదకొండు శాతం దాటాయి. నా ఈఎంఐ మాత్రం చాలాకాలం మారలేదు. మారలేదు కాబట్టి అంతా బాగుందనుకున్నాను. జరిగింది వేరు. బ్యాంకు ఈఎంఐని అలాగే ఉంచి గడువు పెంచుకుంటూ పోయింది. పెంచినప్పుడల్లా ఉత్తరం కూకట్‌పల్లి ఇంటికి వచ్చేది. నాన్నగారు దాన్ని కరెంటు బిల్లుల కట్టలో భద్రంగా పెట్టేవారు. ఒక దశలో నేను కట్టే పన్నెండు వేలు ఆ నెల వడ్డీకే చాలలేదు, అప్పుడు మాత్రం ఈఎంఐ కొంచెం పెంచారు. కావాలంటే మీరే వేసి చూడండి. పద్నాలుగు లక్షల బాకీ మీద పదకొండు శాతం అంటే నెలకు 12,833.

2011లో సెలవుకు వెళ్లినప్పుడు శాఖకు వెళ్లి స్టేట్‌మెంటు తీయించాను. డాట్ మ్యాట్రిక్స్ ప్రింటరులో వచ్చిన పొడవాటి కాగితం. ఎడమవైపు కట్టినది, మధ్యలో వడ్డీ, కుడివైపు మిగిలిన అసలు. కుడివైపు వరసలో అంకె పేజీలకు పేజీలు దాదాపు కదలకుండా ఉంది. ఆరేళ్లలో తొమ్మిది లక్షల దాకా కట్టాను, తగ్గిన అసలు లక్షన్నర లోపు. అదే శాఖలో గోడమీద కొత్తవాళ్లకు ఇచ్చే వడ్డీ రేటు అట్ట వేలాడుతోంది, నాది దానికంటే చాలా ఎక్కువ. అడిగితే, పాత ఖాతాదారులు మార్పిడి రుసుము కట్టి దరఖాస్తు పెట్టుకుంటే తగ్గిస్తామన్నారు. అప్పటిదాకా ఆ సంగతి ఎవరూ చెప్పలేదు. అదే రోజు రుసుము కట్టేశాను.

తర్వాత 2012లో ఫ్లోటింగ్ వడ్డీ గృహరుణాలను ముందుగా తీర్చేస్తే జరిమానా వసూలు చేయకూడదని రిజర్వు బ్యాంకు బ్యాంకులకు చెప్పింది. అప్పటి నుంచి ప్రతి బోనసూ, ప్రతి పన్ను వాపసూ నేరుగా అసలుకే పంపాను. మా ఆవిడ ఆ ఏళ్లలో కారు మార్చనివ్వలేదు. 2017లో అప్పు తీరిపోయింది. వదిలేసి ఉంటే ఇంకా కడుతూనే ఉండేవాణ్ణి. ఎవరి సలహా లేకుండా ఆ అప్పులోంచి బయటపడ్డామన్న తృప్తి మా ఇద్దరికీ ఉంది. మీకు చెప్పేవాళ్లున్నారు కాబట్టి అంతకాలం పట్టకూడదు.

ఇప్పుడు నిబంధనలు చాలా మెరుగయ్యాయి. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ గృహరుణాలు రెపో (రిజర్వు బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటు) వంటి బయటి రేటుకు ముడిపడి ఉండాలి, కాబట్టి పాతవాళ్లకో రేటు కొత్తవాళ్లకో రేటు అన్న బాధ తగ్గింది. అయినా ప్రమాదం పోలేదు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి మధ్య రెపో రేటు 4 నుంచి 6.5 శాతానికి పెరిగింది. అంతకు రెండేళ్ల ముందు 6.75 శాతానికి 50 లక్షలు తీసుకున్నవాళ్ల లెక్క వేసి చూశాను. ఈఎంఐ 38,018. రెండేళ్లు కట్టాక మిగిలిన గడువు 18 ఏళ్లు ఉండాలి. వడ్డీ 9.25 అయ్యాక కూడా అదే ఈఎంఐ కడతానంటే గడువు 35 ఏళ్లు దాటుతుంది. ఈఎంఐని ఏడు వేలు పెంచుకుంటే పాత పద్దెనిమిదేళ్లలోనే తీరుతుంది. వడ్డీ మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంతా అన్నది అప్పు తీసుకున్నవాళ్లనే అడగాలని 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఆదేశించింది. అడుగుతూ ఈమెయిలు వస్తుంది. దానికి జవాబు రాయండి, ఈఎంఐ పెంచమనండి. మీ ఈమెయిలే ఇవ్వండి, నాన్నగారి ఫోను నంబరు ఒక్కటే ఇచ్చి ఊరుకోకండి.

అమెరికాలో ఇల్లు కొన్న మీ స్నేహితుల మాటలు విని ముప్పై ఏళ్లు మామూలే అనుకుంటున్నారని నాకు అర్థమైంది. ఇక్కడ ముప్పై ఏళ్ల స్థిర వడ్డీ అంటే నిజంగా ముప్పై ఏళ్లూ అదే రేటు. పైగా అప్పు అంచనా పత్రంలో, మొదటి ఐదేళ్లలో మొత్తం ఎంత కడతారు, అందులో అసలు ఎంత తగ్గుతుంది అని విడిగా ఒక గడి ఉంటుంది. హైదరాబాద్‌లో మీరు తీసుకునేది అలాంటి అప్పు కాదు. అక్కడ 2024 అక్టోబరు నుంచి ప్రతి కొత్త గృహరుణానికీ ముఖ్యాంశాల పత్రం ఇవ్వాలి, వాయిదాల పట్టిక అందులో భాగం. సంతకం పెట్టక ముందే దాన్ని తెప్పించుకోండి. ఏజెంటు వాట్సాప్‌లో పంపే ఈఎంఐ అంకె చాలదు.

రూపాయి విలువ పడుతూ ఉంటుంది కాబట్టి డాలర్లలో ఈఎంఐ తేలికవుతుందన్నారు. నిజమే, 2011లో 45 రూపాయల దగ్గరున్న డాలరు ఇప్పుడు దాదాపు రెట్టింపయింది. ఆ లాభం డాలరు జీతం వస్తున్నన్నాళ్లే. ఉద్యోగం పోతే హెచ్1బీ మీద మీకుండేది అరవై రోజుల వ్యవధి. ఇంకో ఉద్యోగం దొరక్క ఇంటికి వెళ్లాల్సి వస్తే ఆ ఈఎంఐని రూపాయి జీతంతో కట్టాలి. నాకు రాత్రిళ్లు నిద్ర పట్టనిది ఈ ఒక్క విషయం దగ్గరే. మా వీధిలోనే అలా వెళ్లిపోయిన కుటుంబాలు ఉన్నాయి. ఎంత తొందరగా అసలు తగ్గిస్తే అంత నిశ్చింత. కనీసం ఏడాది ఈఎంఐలు ఎన్ఆర్ఈ ఖాతాలో విడిగా ఉంచి, ఆ తర్వాతే ఫ్లాటు మాట ఎత్తండి. అద్దె వస్తుంది కదా అనకండి. బాచుపల్లిలో ఆ ఫ్లాటుకు నెలకు ఇరవై వేలు వస్తే గొప్ప, మొదట్లో మీరు కట్టే నెల వడ్డీలో అది సగం కంటే కాస్తే ఎక్కువ. మెయింటెనెన్సు, ఆస్తి పన్ను, ఇల్లు ఖాళీగా ఉన్న నెలలు పోను ఇంకా తగ్గుతుంది.

మిగతా ఖర్చులు త్వరగా చెప్పేస్తాను, అంకెలు మీరు సరిచూసుకోండి. తెలంగాణలో స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషను కలిపి ఏడున్నర శాతం, అంటే అయిదు లక్షల పాతిక వేలు. ఫ్లాటు కట్టడం పూర్తి కాకపోతే జీఎస్టీ 5 శాతం. ఇవి అప్పులో రావు, చేతి నుంచి పెట్టుకోవాలి. కట్టడం పూర్తయ్యేదాకా వడ్డీ మాత్రమే కట్టండి చాలు అంటారు, ఆ కాలంలో అసలు ఒక్క రూపాయి తగ్గదు. రుణ బీమా ప్రీమియాన్ని అప్పులోనే కలుపుతామంటే ఒప్పుకోకండి. రెండు లక్షల ప్రీమియం ఇరవై ఏళ్లలో నాలుగు లక్షలు దాటుతుంది. బీమా కావాలంటే విడిగా టర్మ్ పాలసీ తీసుకోండి. ఎన్ఆర్ఐలకు అద్దె మీద, అమ్మకం మీద పన్ను కోత సంగతి చార్టర్డ్ అకౌంటెంటును అడగండి.

నన్నడిగితే 20 ఏళ్ల గడువు పెట్టుకుని 15 ఏళ్ల ఈఎంఐ కట్టినట్లు కట్టండి. కష్టకాలం వస్తే కట్టక తప్పనిది చిన్న వాయిదానే. బాగున్నప్పుడు అదనం అసలుకు వెళుతుంది. మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా అసలుకు కడితే చివర్లో పదకొండు ఈఎంఐలు తప్పుతాయి. ఏటా ఒక ఈఎంఐ ఎక్కువ కట్టినా మూడేళ్ల ముందే తీరిపోతుంది, పది లక్షల దాకా మిగులుతుంది. అదనం పంపిన ప్రతిసారీ ‘ఈఎంఐ తగ్గించవద్దు, గడువు తగ్గించండి’ అని రాతపూర్వకంగా అడగండి. చెప్పకపోతే వాళ్లకు తోచింది వాళ్లు చేస్తారు. ఏటా సంక్రాంతికి ఇంటికి ఫోను చేసేటప్పుడు స్టేట్‌మెంటు తెరిచి, మిగిలిన అసలు ఎంతో, చివరి వాయిదా ఏ నెలలో ఉందో ఇద్దరూ పైకి చదువుకోండి. చివరి వాయిదా నెల ఇంకా దూరం జరిగితే ఆ వారంలోనే బ్యాంకుకు రాయండి.

నాన్నగారి పేర ఇచ్చే పవర్ ఆఫ్ అటార్నీలో అప్పు పత్రాల మీద సంతకం చేసే అధికారంతో పాటు, అప్పు తీరాక అసలు దస్తావేజులు తీసుకునే అధికారం, సబ్ రిజిస్ట్రారు దగ్గర తనఖా విడుదల చేయించే అధికారం కూడా రాయించండి. అప్పు తీరిన ముప్పై రోజుల్లో బ్యాంకు దస్తావేజులు తిరిగి ఇవ్వాలి, ఆలస్యమైతే రోజుకు ఐదు వేల చొప్పున పరిహారం ఇవ్వాలి. అవి చేతికి అందాక ఈసీ (ఆస్తి మీద ఉన్న తనఖాలు, లావాదేవీలు చూపే ధ్రువపత్రం) తీయించి, బ్యాంకు తనఖా తొలగిందో లేదో నాన్నగారిని చూడమనండి.