పుస్తకాల సంగతి తర్వాత, ముందు ఆ కుక్కపిల్ల గీరిన సంగతి చూడండి

ప్రశ్న: నా వయసు 28. రాజమండ్రిలో ఉంటూ ఇంటి నుంచే సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేస్తున్నాను. ఏడాదిగా వైరస్‌ల గురించి, మనిషి స్వభావం గురించి, మానవజాతికి రాబోయే ముప్పుల గురించి వచ్చిన పుస్తకాలు వరసపెట్టి చదువుతున్నాను. ఈమధ్య ఎబోలా వైరస్ మీద వచ్చిన ‘ది హాట్ జోన్’ చదివాక రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదు, గుండె దడగా ఉంటోంది. ఒళ్లు కాస్త వెచ్చబడితే చాలు, ఎబోలానో నిపానో అని టెన్షన్. ముందు జాగ్రత్తగా అజిత్రోమైసిన్ కోర్సు రెండుసార్లు వాడాను. నిద్ర కోసం మా నాన్నగారి ఆల్ప్రాజోలం సగం మాత్ర అప్పుడప్పుడు వేసుకుంటున్నాను. మూడు వారాల క్రితం వీధిలో కుక్కపిల్ల కాలి మీద గీరితే పసుపు పెట్టాను, మానిపోయింది. నేను ఈ పుస్తకాలు చదవడం మానేయాలా? మనసుకు ధైర్యమిచ్చే పుస్తకాలు ఏవైనా చెబుతారా?

జవాబు: మీ ఉత్తరంలో ఎబోలా ఉంది, నిపా ఉంది. రాయాల్సిన రేబిస్ పేరు మాత్రం ఎక్కడా లేదు. కుక్కపిల్ల గీరిన విషయం ఒక్క ముక్కలో తేల్చేశారు. పుస్తకాల గురించి చివర్లో చెబుతాను. ముందు దీని సంగతి చూద్దాం.

గీరింది గోరా, పన్నా? రక్తం వచ్చిందా? ఆ కుక్కపిల్ల ఇప్పుడు ఎక్కడుంది? ఇవేవీ రాయలేదు కాబట్టి అన్నిటికీ కలిపి చెబుతున్నాను. రక్తం రాకుండా పైపైన గీరుకుపోయినా టీకా వేయించుకోవాల్సిందే. చర్మం తెగి రక్తం కనిపించి ఉంటే టీకాతో పాటు గాయం ఉన్న చోట ఇమ్యునోగ్లోబులిన్ (వైరస్‌ను అడ్డుకునే తయారు యాంటీబాడీల ఇంజెక్షన్) కూడా ఇవ్వాలి. గాయం మానిపోయింది కదా, ఇప్పుడు అవసరమా అన్నది మిమ్మల్ని చూసిన డాక్టరు నిర్ణయిస్తారు. గోరే కదా అని చాలామంది తేలిగ్గా తీసుకుంటారు. కుక్క తన కాళ్లు తనే నాక్కుంటుంది, ఆ లాలాజలం గోళ్లకు అంటుకుని ఉండొచ్చు. చిన్నపిల్ల కదా అనుకోవడానికీ లేదు. కుక్కపిల్లలకూ రేబిస్ వస్తుంది, వాటి నుంచి మనుషులకూ వస్తుంది.

గీరిన రోజు నుంచి పది రోజులు ఆ కుక్క ఆరోగ్యంగా కళ్ల ముందే తిరుగుతూ ఉంటే ఆ గాయం వల్ల రేబిస్ రాదనే లెక్క. మీకు మూడు వారాలు దాటింది. అదే కుక్కపిల్ల ఇవాళ మీ వీధిలో ఆడుకుంటూ ఉండి, అదేనని మీరు కచ్చితంగా గుర్తుపట్టగలిగితే ఆ మాట డాక్టరుతో చెప్పండి. ‘అలాంటిదే ఒకటి తిరుగుతోందండీ’ అంటే కుదరదు. వీధిలో ఒక్క ఈతలో పుట్టిన పిల్లలు ఒకేలా కనిపించొచ్చు.

మూడు వారాలైపోయింది, ఇప్పుడు టీకా వేసుకుని ఏం లాభం అని మీకు అనిపించొచ్చు. ఇంట్లో పెద్దవాళ్లు అలాగే అనొచ్చు కూడా. రేబిస్ వైరస్ నరాల వెంట మెల్లగా పాకుతూ మెదడు వైపు వెళ్తుంది. సాధారణంగా రెండు మూడు నెలలు పడుతుంది. ఒక్కోసారి వారమే పట్టొచ్చు, ఏడాది కూడా పట్టొచ్చు. అది మెదడుకు చేరేలోగా టీకా పని పూర్తి కావాలి. అందుకే ఎన్ని రోజులు ఆలస్యమైనా, లక్షణాలు లేనంతవరకు టీకా వేస్తాం. నీళ్లు చూస్తే గొంతు బిగుసుకుపోయే దశ మొదలైతే మాత్రం ఎంత పెద్ద ఆసుపత్రి అయినా చేయగలిగింది దాదాపు ఏమీ ఉండదు. కాబట్టి ఇది చదవగానే బయల్దేరండి. ఆదివారమైతే సోమవారం దాకా ఆగకండి, క్యాజువాలిటీకి వెళ్లండి.

టీకా ప్రభుత్వ ఆసుపత్రుల్లో ఉచితం. చర్మంలోకి వేస్తే మొదటి రోజు, ఆ తర్వాత 3, 7, 28 రోజులకు. కండకు వేస్తే వీటితో పాటు 14వ రోజున ఇంకొకటి. గతంలో ఎప్పుడైనా పూర్తి కోర్సు వేయించుకుని ఉంటే రెండు డోసులతో సరిపోవచ్చు, పాత కార్డు ఉంటే పట్టుకెళ్లండి. బొడ్డు చుట్టూ పద్నాలుగు సూదులన్న భయం ఇంకా కొందరిలో ఉంది. ఆ పాత టీకా మన దేశంలో వాడటం మానేసి రెండు దశాబ్దాలు దాటింది. ‘టీటీ వేయించుకున్నాను కదా’ అంటూ వచ్చేవాళ్లు ఇంకో రకం. టీటీ ధనుర్వాతానికి, రేబిస్‌ను అది ఏమీ చేయలేదు. రెండు డోసులు వేయించుకుని, బాగానే ఉన్నాం కదా అని మూడో దానికి రానివాళ్ల మీద నాకు మరీ కోపం.

పసుపు గురించి కూడా ఒక మాట. మొన్న ఒకాయన పిక్క మీద కుక్కకాటుకు సున్నం, కారం కలిపి పట్టించి, పైన తువ్వాలు ముక్క కట్టుకుని వచ్చారు. అది గట్టిపడిపోయి ఉంటే, మా నర్సు నీళ్లతో నానబెట్టి నానబెట్టి తీసింది. కింద నాలుగు పంటి గాట్లు, చుట్టూ చర్మం ఎర్రగా కాలిపోయి ఉంది. పసుపు, సున్నం, కాఫీపొడి, ఆకుపసరు ఏదీ వద్దు. ధారగా పడే కుళాయి నీళ్ల కింద సబ్బుతో పదిహేను నిమిషాలు కడగాలి, అంతే. గడియారం చూసి పదిహేను. మీ విషయంలో ఆ సమయం దాటిపోయింది, మీ ఇంట్లోవాళ్లకైనా చెప్పి ఉంచండి.

ఇక మాత్రలు. అజిత్రోమైసిన్ బాక్టీరియాకు వాడే మందు. ఎబోలాను గానీ, నిపాను గానీ, మామూలు జలుబును గానీ అది తాకదు. పైగా కొందరిలో గుండె లయను మార్చే గుణం దానికుంది. దడ ఉందని మీరే రాశారు, మళ్లీ అదే మాత్ర మీరే కొనుక్కున్నారు. ఆల్ప్రాజోలం మీ నాన్నగారికి ఎవరో డాక్టరు ఆయన్ను చూసి రాసినది, మీకోసం కాదు. అది త్వరగా అలవాటవుతుంది. ‘అప్పుడప్పుడు’ అంటే వారానికి ఒకసారా, రోజు విడిచి రోజా? రోజూ వేసుకుంటూ ఉంటే ఒక్కసారిగా మానేయకండి, డాక్టరును కలిసి మెల్లగా తగ్గించుకోవాలి.

దడకు కారణం పుస్తకమే అని నేను ఇక్కడ కూర్చుని చెప్పలేను. బీపీ, హిమోగ్లోబిన్, థైరాయిడ్, ఒక ఈసీజీ చూడాల్సిందే. రోజుకు ఎన్ని కాఫీలు తాగుతున్నారో లెక్కపెట్టి డాక్టరుకు చెప్పండి. అవన్నీ బాగుండి, నిద్రలేమి, భయం అలాగే ఉంటే మానసిక వైద్యులను కలవండి. అందులో నామోషీ ఏమీ లేదు. వెంటనే ఎవరితోనైనా మాట్లాడాలంటే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ నంబరు 14416 ఉంది, తెలుగులోనే మాట్లాడతారు.

ఇప్పుడు పుస్తకాలు. మీరు చెప్పిన పుస్తకం 1994లో వచ్చింది. అందులో ఎబోలా రోగి ఒళ్లంతా కరిగి రక్తమై కారిపోతున్నట్టు ఉంటుంది. నిజానికి ఎక్కువమంది రోగుల్లో భారీగా రక్తస్రావం కాదు. వాంతులు, విరేచనాలతో ఒంట్లో నీరంతా పోయి షాక్‌లోకి వెళ్తారు. అది గాలిలో ఎగిరొచ్చే జబ్బు కాదు. జబ్బుపడ్డ మనిషి, లేదా చనిపోయిన మనిషి ఒంటి ద్రవాలు తగిలితే వస్తుంది. 2014 నుంచి 2016 దాకా పశ్చిమ ఆఫ్రికాలో 11 వేల మందికి పైగా దానికి బలయ్యారు, తక్కువ చేసి మాట్లాడటం లేదు. కానీ రాజమండ్రిలో ఇంట్లో కూర్చుని పనిచేసుకునే మనిషికి ఒళ్లు వెచ్చబడితే నేను అడిగేది డెంగీ, మలేరియా, టైఫాయిడ్ గురించి. అదే పుస్తకంలో, 1989లో అమెరికాలోని రెస్టన్ అనే ఊళ్లో కోతులకు ఒక రకం ఎబోలా వైరస్ సోకిన సంఘటన ఉంది. అందులో కోతులు చనిపోయాయి గానీ వైరస్ సోకిన మనుషులకు జబ్బు చేయలేదు. ఆ పేజీలు మీకు గుర్తున్నట్టు లేవు.

మనిషి స్వభావం గురించి ఆ పుస్తకాల్లో ఏముందో నేను అన్నీ చదవలేదు. 2021లో కోవిడ్ సమయంలో ఇంజెక్షన్లు బ్లాకులో అమ్మినవాళ్లనూ చూశాను, ముక్కూమొహం తెలియనివాళ్ల గుమ్మం ముందు భోజనం క్యారేజీ పెట్టి వెళ్లినవాళ్లనూ చూశాను. ఓపీలో రోజూ నేను చూసే స్వభావం మాత్రం ఒకటే, ‘రేపు చూద్దాంలే’. ఎక్కడో ఉన్న వైరస్‌కు నిద్రమానేసి, కాలి మీద గీతకు పసుపు రాసి ఊరుకోవడం కూడా అందులోదే. చదువుకున్నవాళ్లలో ఇది మరీ ఎక్కువ.

చదవడం మానక్కర్లేదు. పక్క మీద, అర్ధరాత్రి వద్దు. పుస్తకాల జాబితా ఇవ్వడం నా పని కాదు గానీ, ధైర్యం కావాలంటే మశూచిని ఎలా తుడిచిపెట్టారో చదవండి. 1980లో ప్రపంచ ఆరోగ్య సంస్థ అది భూమ్మీద లేదని ప్రకటించింది. 1885లో పిచ్చికుక్క కరిచిన తొమ్మిదేళ్ల జోసెఫ్ మైస్టర్‌కు లూయీ పాశ్చర్ టీకా వేయించిన కథ కూడా బాగుంటుంది. వాళ్లమ్మ పిల్లాణ్ణి వెంటబెట్టుకుని రెండు రోజుల్లోనే పారిస్ చేరింది, అప్పట్లో.

ఇది మీ ఉత్తరం ఆధారంగా చెప్పిన సాధారణ సలహా మాత్రమే, చేయి పట్టి చూసిన డాక్టరు మాటకు ఇది బదులు కాదు. గీరిన చోట తిమ్మిరి, మంట, చీమలు పాకినట్టు ఉంటే వెంటనే పెద్దాసుపత్రికి వెళ్లండి. ఇవాళ రాత్రి ఇంటర్నెట్‌లో రేబిస్ లక్షణాలు వెతుకుతూ కూర్చోకండి. ఆసుపత్రికి వెళ్లేటప్పుడు వాడిన ఆ రెండు మాత్రల స్ట్రిప్పులు జేబులో వేసుకుని వెళ్లి చూపించండి.