సమాధానం: మోడ్స్ లేకుండా స్కైరిమ్‌లో అందమైన అమ్మాయి

స్కైరిమ్ వీడియో గేమ్‌లో మోడ్స్ (ఆటను మార్చే అదనపు ఫైళ్లు) వాడకుండా అందమైన అమ్మాయి పాత్రను ఎలా తయారు చేయాలని అడిగారు, ఎంత మార్చినా ముఖం ముసలిగా, మొరటుగా వస్తోందన్నారు కదా. ముందు బ్రెటన్ అనే మానవ జాతిని తీసుకుని, నచ్చిన ప్రీసెట్ (ముందే తయారుగా ఉన్న ముఖం) ఒకటి పట్టుకోండి. కాంప్లెక్షన్ (చర్మం తీరు) స్లైడర్ ఒక్కో అడుగే జరుపుతూ చూడండి, ముడతలన్నీ దాదాపు అందులోనే ఉంటాయి. డర్ట్ (ముఖంపై మురికి) పూర్తిగా తీసేయండి. దవడ కాస్త సన్నగా, గడ్డం చిన్నగా చేయండి. ఐలైనర్ ముదురుగా పెడితే కళ్లకు జీవం వస్తుంది, పెదవుల రంగు మాత్రం ఒంటి ఛాయకు దగ్గరగా ఉంచండి. స్లైడర్లను చివరిదాకా లాగితే బొమ్మ ముఖమే!

ముఖాన్ని పక్కనుంచీ చూడండి, ముక్కు గుట్టు అక్కడే బయటపడుతుంది. ఆట మొదట్లో పాత్రను తయారుచేసే హెల్గెన్ ఊళ్లో వెలుతురు మసకగా ఉంటుంది, దాన్ని నమ్మి టెన్షన్ పడొద్దు. తర్వాత నచ్చకపోతే, డాన్‌గార్డ్ అనే అదనపు భాగం (DLC) ఉంటే రిఫ్టెన్ నగరంలోని ర్యాగ్డ్ ఫ్లాగన్ అనే సారాయి దుకాణంలో గలాథిల్ అనే పాత్ర ఆటలోని 1000 గోల్డ్‌కి ముఖం మారుస్తుంది. జాతి మాత్రం మార్చదు.