కర్త లేని తాళపత్ర గ్రంథం

ప్రశ్న: పిల్లల కోసం ఒక కాల్పనిక లోకపు నవల రాస్తున్నాను. అందులో కాలాన్నీ, కాలంలో ఎదురయ్యే వైరుధ్యాలనూ అధ్యయనం చేసే పండితుడు ఒకరున్నారు. యౌవనంలో ఆయనకు, కర్తగా తన పేరే ఉన్న తాళపత్రాల కట్ట దొరుకుతుంది. తన విద్యనంతా దానినుంచే నేర్చుకొని, నలభై ఏళ్ల తరువాత ఆ కట్టనే గతంలోకి పంపుతాడు. మరి ఆ గ్రంథం ఎవరు రాసినట్టు? ఇది తర్కానికి నిలవదు, తీసివేయమని మా అన్నయ్య అంటున్నాడు. ఏం చేయమంటారు?
– ఒక పాఠకురాలు, పర్లాకిమిడి

జవాబు: తీసివేయకండి. మీ నవలకు ప్రాణం అక్కడే ఉంది. అయితే మీ అన్నయ్యగారి మాటలో సగం న్యాయం ఉంది కనుక ముందు దానిని చక్కదిద్దుకోవాలి.

దొరికిన కట్టే తిరిగి వెనక్కి వెళ్లిందంటే, వెళ్లేనాటికి ఆ ఆకులు నలభై ఏళ్లు పాతబడి, అంచులు పెళుసెక్కి, తాడు దూర్చిన రంధ్రాలు అరిగి ఉంటాయి. పంపిన కట్టా దొరికిన కట్టా ఒకటే కావాలి గనుక దొరికిననాడే అవి అంత పాతవై ఉండాలి. అలాగైతే పంపేనాటికి మరింత పాతబడతాయి. ఇది ఎక్కడా తెగని లెక్క. అందుచేత పాత కట్టను ఆయన దగ్గరే ఉంచి, నకలును పంపించండి. ఆయన కొత్త తాటాకులు తెచ్చి, గంటంతో అక్షరమక్షరం గీసి, గీతల్లోకి మసి పట్టించి తుడిచి, ఆ కొత్త కట్టను పంపితే వైరుధ్యం తొలగిపోతుంది. ఆకులకు పుట్టుక ఉండి, వాటిమీది విద్యకు మాత్రం పుట్టుక లేకపోవడమనే వింత ఒక్కటే మిగులుతుంది.

వైరుధ్యం వేరు, వింత వేరు. మీ పండితుడు జీవితమంతా తరచి చూడవలసినది ఈ తేడానే. భాగవతంలో రైవతుడు కూతురు రేవతికి తగిన వరుణ్ణి అడగడానికి బ్రహ్మలోకానికి వెళ్లి, గానం ముగిసేదాకా కొద్దిసేపు ఆగేసరికి భూమిమీద 27 మహాయుగాలు, అంటే 11 కోట్ల 66 లక్షల 40 వేల సంవత్సరాలు గడిచిపోయాయి. ఎంత విడ్డూరంగా ఉన్నా అక్కడ కారణం తరువాతనే కార్యం వచ్చింది. 16వ శతాబ్దంలో పింగళి సూరన రచించిన కళాపూర్ణోదయంలో, బ్రహ్మ సరస్వతికి చెప్పిన కథే తరువాత భూలోకంలో జరుగుతుంది. సంఘటనకంటే కథ ముందు పుట్టినా, ఆ కథకు చెప్పినవాడంటూ ఒకడున్నాడు. మీ గ్రంథానికి ఆ ఒక్కడు కూడా లేడు. ఇంత చక్కని ఊహను ఎవరో కాదన్నారని వదులుకుంటే నాకు నిజంగా బాధ కలుగుతుంది.

నకలు రాసేటప్పుడు ఆయన కావాలని ఒక అక్షరం మార్చితే ఏమవుతుందని పిల్లలు తప్పక అడుగుతారు. గతంలోకి వెళ్లినవాడు తన తాతను చంపగలడా అన్న ప్రశ్నను అమెరికా తత్త్వవేత్త డేవిడ్ లూయిస్ 1976లో చర్చించాడు. జరిగిపోయినది మరోలా జరగదు గనుక అతడు విఫలుడవుతాడనీ, అందుకు ఏ అదృశ్యశక్తీ అడ్డుపడనక్కరలేదనీ, కాలు జారడం వంటి మామూలు కారణమే చాలుననీ ఆయన వాదన. మీరూ ఆ దారినే పట్టండి. దొరికిన కట్టలో ఒక ఆకుమీద అడ్డంగా పోయిన గీత ఒకటి ఉందనుకోండి. ఆ తప్పు తన చేతిమీదుగా జరగకూడదని పండితుడు నిశ్చయించుకొని, దీపాన్ని దగ్గరకు జరుపుకొని, ఊపిరి బిగబట్టి గీస్తుండగా, ముసలి చేయి వణికి గంటం సరిగ్గా అక్కడే జారుతుంది. ఈ ఘట్టాన్ని రెండు వాక్యాలలో ముగించక, కనీసం ఒక పుట నిదానంగా రాయండి.

ఆయనకు ఈ విద్యమీద మక్కువ ఎలా కలిగిందో మీరు రాయలేదు. దానికి ఆంధ్ర సరిహద్దున ఒడిశాలో ఉన్న మీ ఊరే ఆధారమిస్తుంది. మహాశివరాత్రి మన పంచాంగంలో మాఘ బహుళ చతుర్దశి, ఒడియా పాంజిలో ఫాల్గుణ కృష్ణ చతుర్దశి. మన నెల అమావాస్యతో ముగుస్తుంది, వారి నెల పౌర్ణమితో ముగుస్తుంది. ఉపవాసమూ జాగారమూ మాత్రం ఒకే రాత్రి. మీ కాల్పనిక లోకంలోనూ అటువంటి సరిహద్దు ఊరిని కల్పించి, ఒక రాత్రి రెండు నెలల్లో ఎలా ఉంటుందని నిద్రమాని ఆలోచించే పిల్లవాడిగా ఆయనను చూపించండి. ఆ రెండు పంచాంగాలనూ దీపం కింద పరచుకొని, తిథులమీద వేలు పెట్టి వరుసగా పోల్చి చూసుకొనే చోట మీ నవలను మొదలుపెట్టవచ్చు.