యానిమేషన్ చిత్రానికి నిర్మాత డబ్బు పెట్టడం తప్ప ఇంకేం చేస్తాడు?

హైదరాబాదు స్టూడియోలలో చాలాకాలం క్లీనప్ (చిత్తు బొమ్మను శుభ్రమైన గీతలతో తిరిగి గీయడం), ఇన్‌బిట్వీన్ (రెండు ముఖ్య భంగిమల మధ్య వచ్చే బొమ్మలు గీయడం) పనులు చేసినవాడిగా చెబుతున్నాను: మంచి నిర్మాత నలుగురి దగ్గరా డబ్బు తెస్తాడు గానీ ఆ నలుగురిలో ఎవరినీ బొమ్మ మీద చెయ్యి వెయ్యనివ్వడు. నాకు తెలిసినంతలో ఈ పనిని అందరికంటే బాగా చేసినవాడు ఫ్రాన్సుకు చెందిన డిడియే బ్రూనర్.

ఆయన 1994లో లెజార్మతర్ అనే సంస్థను స్థాపించి, అంతవరకు లఘుచిత్రాలు, టీవీ పనులే చేస్తూ వచ్చిన మిషెల్ ఓస్లో చేత మొదటి పూర్తి నిడివి చిత్రం ‘కిరికూ’ తీయించాడు. ఓస్లో బాల్యం కొంత గినీలో గడిచింది. కథ పశ్చిమ ఆఫ్రికా పల్లెది. అందులో పిల్లలు దిగంబరంగా, స్త్రీలు నడుము పైన ఆచ్ఛాదన లేకుండా తిరుగుతారు. దుస్తులు తొడగమని డబ్బు పెట్టగలిగిన వాళ్ల నుంచి ఒత్తిడి వచ్చినా ఓస్లో ఒప్పుకోలేదు, చిత్రం ఆయన గీసినట్టుగానే 1998 డిసెంబరులో విడుదలైంది. బెల్జియం, లక్సెంబర్గ్ భాగస్వాములయ్యాయి, యానిమేషన్ పని లాత్వియాలోని రీగాలోనూ హంగేరీలోని బుడాపెస్టులోనూ సాగింది, గొంతులు సెనెగల్ రాజధాని డకార్‌లో రికార్డయ్యాయి. ఫ్రాన్సులో పది లక్షల మందికి పైగా టికెట్టు కొని చూశారు. మరుసటి ఏడాది ఫ్రాన్సులో జరిగే అనెసీ యానిమేషన్ చిత్రోత్సవంలో ఉత్తమ చిత్రంగా నిలిచింది.

ఆ ఒత్తిడిని తట్టుకోవడం ఎంత పెద్ద విషయమో నాకు తెలుసు. కాగితం మీద పెన్సిలుతో గీసే రోజులలో మేము ఒక విదేశీ ధారావాహికకు పని చేశాము. అందులో ఒక అవ్వ చెప్పులు లేకుండా నడుస్తుంది. నెలల తరబడి క్లీనప్ జరిగాక, కొనబోయే ఛానల్ కోరిందంటూ అవ్వకు బూట్లు తొడగమని కబురు వచ్చింది. లైట్ బాక్సు మీద పాత కాగితం పెట్టి, కాలివేళ్లు చెరిపి, బూటు గీశాము. కానీ ఆ నడకంతా వేళ్లు నేలను పట్టుకుని మడమ లేచే తీరులో కట్టినది. బూటు పడగానే పాదం నేలమీద నిలవక జారుతున్నట్టు కనిపించసాగింది. రీటేకుల మీద రీటేకులు పడ్డాయి. దర్శకుడిని ఒక్క మాట అడిగిన తరువాత ఒప్పుకుందామని ఆ ధారావాహిక నిర్మాతకు తోచలేదు. పని పూర్తయ్యాక ఆ బృందాన్ని ఎక్కడివాళ్లను అక్కడికి పంపించేశారు. మా పేర్లు చివరి టైటిల్స్‌లో కూడా వేయలేదు. మన దగ్గర సినిమా గురించి ఎన్ని కోట్లని అడిగేవారే తప్ప ఎవరు గీశారని అడిగేవారు లేరన్న బాధ నాకు ఇప్పటికీ ఉంది.

బ్రూనర్ మాత్రం మనుషులను వదులుకోలేదు. దర్శకుడు సిల్వెన్ షోమే తీసిన లఘుచిత్రాన్ని నిర్మించి, తరువాత ఆయనదే అయిన, మాటలు దాదాపు లేని ‘బెల్‌విల్ ట్రిప్లెట్స్’ను 2003లో కాన్ చిత్రోత్సవం దాకా, ఆపైన ఆస్కార్ నామినేషన్ దాకా తీసుకువెళ్లాడు. బెంజమిన్ రెన్నర్ ఫ్రాన్సులోని వాలెన్స్‌లో యానిమేషన్ చదువుకుంటూ తీసిన చిత్రం చూసి, అప్పుడే బడి నుంచి బయటికి వచ్చిన ఆ కుర్రవాడికి ‘ఎర్నెస్ట్ అండ్ సెలెస్టీన్’ అప్పగించాడు. ఇద్దరు అనుభవజ్ఞులను సహదర్శకులుగా జతచేశాడు. ఆ చిత్రానికి ఫ్రెంచి సినిమా పురస్కారమైన సెజార్, తరువాత ఆస్కార్ నామినేషన్ వచ్చాయి. 2014లో కుమారుడితో కలసి ఫోలివారి అనే కొత్త సంస్థ పెట్టాక కూడా రెన్నర్‌ను తోడు తెచ్చుకున్నాడు. ‘ఎర్నెస్ట్’కు యానిమేషన్ పర్యవేక్షించిన పాట్రిక్ ఆంబేర్ ముందు రెన్నర్‌తో కలసి ఒక చిత్రానికి దర్శకత్వం వహించి, ఆపైన ఒంటరిగా ఎవరెస్టు అధిరోహణ కథ ‘సమ్మిట్ ఆఫ్ ది గాడ్స్’ తీశాడు. దానికి 2022లో సెజార్ వచ్చింది.

కాబట్టి ఏ స్టూడియోలోనైనా చేరేముందు, అక్కడి నిర్మాతతో కిందటి చిత్రానికి పని చేసినవారిలో ఎంతమంది ఈ చిత్రానికి కూడా ఉన్నారో కనుక్కోండి. జీతం సంగతి ఆ తరువాత మాట్లాడవచ్చు.