ఐఎస్ఓలోకి మార్చే ముందు ఒక మాట

అల్లుడూ,

పాత గేముల ఫైళ్లన్నీ ఐఎస్ఓలోకి, అంటే డిస్కులోని డేటా ఒక్క ఫైలుగా ఉండే కాపీలోకి, మార్చేస్తానన్నావని మీ అమ్మ ఫోన్‌లో చెప్పింది. ఆ గేముల్ని పట్టించుకునేవాడు ఇంట్లో ఒకడున్నాడని పొంగిపోయాను. "మార్చేసి పాతవి తీసేస్తాడట" అంది చూడు, ఆ మాటకి నిద్ర పట్టలేదు.

పీఎస్‌పీ (చేతిలో పట్టుకుని ఆడే ప్లేస్టేషన్) సీఎస్ఓలతో, అంటే కుదించిన ఐఎస్ఓలతో, బెంగ లేదు. 2048 బైట్ల ముక్కల్ని విడివిడిగా కుదించి పెట్టినవే అవి. మ్యాక్స్‌సీఎస్ఓ అనే ప్రోగ్రాంతో డీకంప్రెస్ చేస్తే ఐఎస్ఓ బయటికొస్తుంది. కుదించకముందే ఎవరైనా వీడియోలు కోసేసి ఉంటే అవి మాత్రం తిరిగి రావు.

నా భయమంతా పీఎస్ వన్ (మొదటి ప్లేస్టేషన్) సీహెచ్‌డీల గురించి. అవి సీడీని ట్రాకులన్నిటితో సహా కుదించిన ఫైళ్లు. వాటిని ఐఎస్ఓ చెయ్యకు. మీ నాన్న చేసిన పని అదే. కాశీబుగ్గలో ఉన్నప్పుడు, ప్రాణంగా చూసుకునే కార్ల రేసు డిస్కుని ఐఎస్ఓగా తీసి, గీతలు పడ్డాయని డిస్కుని పాత సామాన్లవాడికి వేసేశాడు. ఆట మొదలైంది, ఇంజిన్లు మోగాయి, పాట లేదు. టీవీ సౌండు పెంచాడు, వైర్లు పీకి మళ్లీ పెట్టాడు, స్పీకర్లు మార్చాడు. ఏటి లాభం? ఆ సీడీలో మొదటి ట్రాకు ఆట, మిగతావి ఆడియో సీడీలో ఉండే పాటల్లాంటివే. సీడీలో సెక్టారు, అంటే ఒక్కో డేటా ముక్క, 2352 బైట్లు. ఐఎస్ఓ డేటా సెక్టారులోంచి 2048 తీసుకుని ఊరుకుంటుంది, పాటలకి అందులో చోటే లేదు. ఆ రాత్రి వాడు రేసు ఆడుతూ ఆ ట్యూను తనే నోటితో పాడుకున్నాడు. నువ్వప్పుడు ఉయ్యాల్లో ఉన్నావు. వాణ్ణి తిడదామని వచ్చినదాన్ని, తిట్టలేకపోయాను.

అందుకని సీహెచ్‌డీమ్యాన్‌ అనే ప్రోగ్రాంలో ముందు వెరిఫై (ఫైలు పాడవలేదని చూసే కమాండు), తర్వాత సీడీని తిరిగి బయటికి తీసే ఎక్స్‌ట్రాక్ట్‌సీడీ. ట్రాకుల డేటా ఉండే బిన్, దాంతోపాటు క్యూ, రెండు ఫైళ్లూ వస్తాయి. క్యూ చిన్న టెక్స్ట్ ఫైలే కదా అని పారేశావో, ఊరుకోను! ఏ ట్రాకు ఎక్కడ మొదలవుతుందో చెప్పేది అదే.

గాలివాన రోజున మొదలెట్టకు. 2018లో తిత్లీ తుపాను వచ్చినప్పుడు పలాస ఎలా చీకట్లో ఉండిపోయిందో నువ్వూ చూశావు. మధ్యలో కరెంటు పోతే సగం రాసిన ఫైలు కూడా పేరుతో సహా అక్కడే ఉంటుంది, చూస్తే తెలీదు. ఐఎస్ఓ సైజుని 2048తో భాగించు, శేషం వస్తే తెగిందన్నమాటే. రాకపోయినా ఆడి చూడాల్సిందే. అప్పటిదాకా పాత ఫైలు జోలికి పోకు.

గట్టిగా చెప్పానని ఏమనుకోకు నాన్నా, నీ పనితనం మీద నాకు నమ్మకమే. ముందు ఒక్కటే మార్చి, పాట వినబడేదాకా ఆడి, నాకు ఫోన్ చెయ్యి.

మీ అత్త,
విజయనగరం