సొసైటీలో అప్పుంది, మాఫీ లిస్టులో పేరు లేదు: ఏం చేయాలి?

తెలంగాణ పంట రుణమాఫీ గురించి మీరు చెప్పిన లెక్క ఇదీ: నాన్నగారి పేరు మీద సొసైటీలో (ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘంలో) 1.60 లక్షలు, అమ్మగారి పేరు మీద వేరే బ్యాంకులో 70 వేలు. రెండూ పంట రుణాలే, రెండూ మాఫీ కాలేదు. "విడిగా చూస్తే ఏదీ 2 లక్షలు దాటలేదు కదా" అంటున్నారు.

చిక్కంతా ఆ "విడిగా"లోనే ఉంది. తెలంగాణలో 2024 జులై 15న వచ్చిన జీవో ప్రకారం 2 లక్షల పరిమితి మనిషికి కాదు, కుటుంబానికి. కుటుంబంలో ఎవరెవరన్నది రేషన్ కార్డును బట్టి తేల్చారు. ఏ బ్యాంకులో ఉన్నా సరే, 2023 డిసెంబర్ 9 నాటికి ఉన్న అసలూ వడ్డీ అంతా కలిపి లెక్క. మీ ఇంటిది 2.30 లక్షలు. పైన ఉన్నది రైతు కట్టుకున్నాకే మాఫీ అని, అలాంటి ఇళ్లలో ముందు ఆడవాళ్ల పేరు మీది అప్పు తీర్చాలని అందులోనే ఉంది.

అలాగని రేపే బయట వడ్డీకి తెచ్చి 30 వేలు కట్టేయకండి. మా ఊళ్లో అలా కట్టి ఎదురుచూపుల్లో మిగిలినవాళ్లున్నారు. మాఫీ నాలుగో విడత డబ్బులే 2024 నవంబర్ 30న పడ్డాయి, అది దాటిపోయింది. కాబట్టి ఇప్పుడు కడితే నిజంగా మాఫీ వర్తిస్తుందా లేదా అని ముందు మండల వ్యవసాయాధికారిని అడగండి. నోటిమాట నమ్మొద్దు, అర్జీ ఇచ్చి రసీదు తీసుకోండి.

ఇక సొసైటీ సంగతి. మా బాపుదీ సొసైటీ అప్పే. ఇంట్లో అందరిదీ కలిపినా పరిమితి లోపే, అయినా లిస్టులో పేరు లేదు. సొసైటీలో అడిగితే "పైనుంచే రాలేదు" అనేవాళ్లు, వ్యవసాయ ఆఫీసులో అడిగితే "బ్యాంకోళ్లు పంపలేదు" అనేవాళ్లు. ఈ పైనుంచి అంటే డీసీసీబీ, అదే జిల్లా సహకార కేంద్ర బ్యాంకు అన్నమాట, సొసైటీ రైతుల డబ్బు దాని ద్వారానే రావాలి. "ఎందుకు రాలేదు సార్" అన్నంతకాలం ఇదే తిప్పట. "బాపు పేరుకు ఎదురుగా కారణం ఏమని రాసుంది, ఒకసారి చూపించండి" అని అడిగితే వ్యవసాయాధికారి కంప్యూటర్ తెర మా వైపు తిప్పారు. ఆధార్ నంబరులో చివరి రెండు అంకెలు తారుమారు. ఎప్పటిదో దరఖాస్తు చూసి ఎక్కించినప్పుడు పడ్డ తప్పు. దానికితోడు పాసుపుస్తకంలో ఇంటిపేరు పూర్తిగా ఉంటే ఆధార్‌లో ఒక్క అక్షరమే ఉంది. ఆధార్, పాసుపుస్తకం, రేషన్ కార్డు జిరాక్సులు ఇచ్చి సరిచేయించాక మాఫీ అయింది.

మీరు మాత్రం ముందుగా సొసైటీ నుంచి లోన్ ఖాతా స్టేట్‌మెంట్ తీసుకోండి, సీఈవో సంతకం, ముద్రతో. ఇవ్వడానికి గునుస్తారు, అయినా వదలొద్దు. అందులో చూడాల్సింది రెండే. ఒకటి, అది స్వల్పకాలిక పంట రుణమేనా అని. మా చిన్నాయన అదే సొసైటీలో బోరు మోటారుకు తీసుకున్నది దీర్ఘకాలిక అప్పు, దానికి మాఫీ లేదు. అది తెలియక మాఫీ వస్తుందని కిస్తీలు ఆపేశాడు, వడ్డీ పెరిగింది, నోటీసు కూడా వచ్చింది. రెండోది, అప్పు తీసుకున్న లేదా రెన్యూవల్ చేసిన తేదీ. 2018 డిసెంబర్ 12 నుంచి 2023 డిసెంబర్ 9 మధ్యలో ఉండాలి. అంతకుముందెప్పుడో తీసుకుని మళ్లీ రెన్యూవల్ చేయకుండా వదిలేసి ఉంటే ఈ పథకంలోకి రాదు.

ఇదంతా తేలేలోపు వీలైతే వడ్డీ అయినా కట్టి రెన్యూవల్ చేయించుకోండి. గడువు దాటితే వడ్డీ రాయితీ పోతుంది, వచ్చే సీజన్‌కు సొసైటీలో కొత్త అప్పూ పుట్టదు. కట్టేముందు మాత్రం పాత బాకీ వివరాలున్న ఆ స్టేట్‌మెంట్ మీ చేతిలో ఉండాలి. ఒకసారి రెన్యూవల్ అయ్యాక పాత ఖాతా కాగితాలు అడిగితే వెతికిచ్చే ఓపిక అక్కడ ఎవరికీ ఉండదు.